ఎవరూ కర్చీఫ్ వేయని కుర్చీకి

మహారాజశ్రీ స్పీకర్ కుర్చీ గారికి,
బ్రిటిష్ కొలంబియా శాసనసభ, విక్టోరియా, కెనడా.

సర్రీ నుంచి ఒక తెలుగు ఓటరు నమస్కరించి వ్రాయునది. ఇక్కడ మేమందరం క్షేమం. అక్కడ మీ కాళ్లు, చేతులు క్షేమమని తలుస్తాను.

మాది బస్సు ఆగకముందే కిటికీలోంచి కర్చీఫ్ వేసి సీటు పట్టే జాతి. కుర్చీ అంటే మా దగ్గర చెక్క సామాను కాదు, అధికారం. దాని కోసం మామా అల్లుళ్లు తలపడటం చూశాం. 1984 ఆగస్టులో ఎమ్మెల్యేలను రాష్ట్రం దాటించి దాచినప్పుడు మా నాన్న రేడియోకి చెవి ఆనించి కూర్చోవడం నాకింకా గుర్తుంది. అలాంటి చోటు నుంచి వచ్చినవాణ్ణి, 2017 వేసవిలో మీ సంగతి చూసి నోట మాట రాలేదు. అదనపు జీతం ఉంది, నల్ల గౌను ఉంది, లోపలికి అడుగుపెడితే సభంతా లేచి నిలబడుతుంది. అయినా 87 మంది ఎమ్మెల్యేల్లో "నేను కూర్చుంటా" అని ముందుకొచ్చేవాడు లేడు. బళ్లో కుర్చీలాట ఆడినప్పుడు పాట ఆగగానే కుర్చీ వైపు పరిగెత్తేవాళ్లం. మీ దగ్గర పాట ఆగితే అందరూ తలుపు వైపు పరిగెత్తారు.

(అవునండీ, ఇక్కడా వాళ్లని ఎమ్మెల్యేలనే అంటారు. ఒంటారియోలో అయితే ఎంపీపీలట. టొరంటో నుంచి మా బావ ఫోన్ చేసి "మా ఎంపీపీని కలిశాను" అంటే, మండల పరిషత్ అధ్యక్షుడు అంత దూరం ఎందుకెళ్లాడా అని మా అమ్మ కంగారు పడింది.)

లెక్క మీకు తెలియంది కాదు. దారిలో ఎవరైనా ఈ ఉత్తరం విప్పి చదివితే అర్థం కావాలి కాబట్టి రాస్తున్నా. ఆ ఏడాది మే 9న ఎన్నికలైతే పాలిస్తున్న లిబరల్స్‌కి 43, ప్రతిపక్షం ఎన్డీపీకి (న్యూ డెమోక్రటిక్ పార్టీ) 41, గ్రీన్ పార్టీకి 3 వచ్చాయి. మెజారిటీకి కావాల్సింది 44. కోర్టనే-కోమాక్స్ అనే నియోజకవర్గంలో ఆ రాత్రి తేడా 9 ఓట్లు. మా సంక్రాంతి పాట్‌లక్‌కి పులిహోర తెచ్చేవాళ్లే అంతకన్నా ఎక్కువ మంది ఉంటారు. రెండు వారాలు ఆగి మిగిలిన ఓట్లన్నీ లెక్కపెడితే తేడా 189కి పెరిగి ఆ సీటు ఎన్డీపీకే ఖాయమైంది. ఆ కొద్దిపాటి ఓట్లు అటు పడి ఉంటే లిబరల్స్ నిశ్చింతగా పాలించుకునేవాళ్లు, నాకు మీతో పని పడేది కాదు.

ఇక చూడండి, ముగ్గురు గ్రీన్స్ గుమ్మం ముందు రెండు పార్టీలూ పెళ్లిళ్ల పేరయ్యల్లా తిరిగాయి. మే నెలాఖరుకి ఎన్డీపీతో సంబంధం కుదిరింది. అదీ వింత సంబంధమే. ఒక ఇంట్లో ఉండరు, మంత్రి పదవులు పంచుకోరు, బడ్జెట్ రోజున, విశ్వాస పరీక్ష రోజున మాత్రం పక్కపక్కన నిలబడతారు. 41కి 3 కలిపితే 44, అటు 43. అంతా బాగానే ఉంది గానీ మధ్యలో మీరున్నారు. స్పీకరు ఓటు వేయడు, సమానమైతే తప్ప. 44లోంచి ఒకరు మీలో కూర్చుంటే 43కి 43. ఆపైన ప్రతి బిల్లుకీ ఆ ఒక్కరే గట్టెక్కించాలి. ఓట్లు సమానమైనప్పుడు స్పీకరు ఉన్నదాన్ని ఉన్నట్టే ఉంచాలని బ్రిటిష్ వాళ్ల కాలం నుంచీ ఆనవాయితీ. అంటే మీలో కూర్చోవడం అంటే సొంత పార్టీ చేయి ఒకటి నరికి అల్మారాలో పెట్టడమే.

పాత ఇంగ్లండులో స్పీకర్లుగా చేసినవాళ్లలో కొందరి తలలు రాజుగారి కోపానికి తెగిపడ్డాయి. అందుకే కొత్త స్పీకరు రానని మొరాయిస్తున్నట్టు నటించడం, ఇద్దరు సభ్యులు రెక్క పట్టుకుని లాక్కెళ్లడం చాలా చట్టసభల్లో ఇప్పటికీ ఒక వేడుక. అది నాటకమని అందరికీ తెలుసు. విక్టోరియాలో మాత్రం ఆ వేసవిలో ఎవరూ నటించలేదు. నిజంగానే మొరాయించారు.

జూన్ 22న సభ తెరవాలి కాబట్టి లిబరల్స్ నుంచి స్టీవ్ థామ్సన్ వచ్చి మీలో కూర్చున్నాడు. అదే రోజు ప్రీమియర్ (మన ముఖ్యమంత్రి లాంటి పదవి) క్రిస్టీ క్లార్క్ ప్రభుత్వం సభలో ప్రసంగం చదివించింది. కంపెనీలు, యూనియన్లు పార్టీలకిచ్చే విరాళాలు ఆపేస్తాం, పేదల భత్యం నెలకి వంద డాలర్లు పెంచుతాం, పిల్లల సంరక్షణకి నిధులిస్తాం అంటూ నెల కిందటి దాకా ఎదుటివాళ్ల నోటి నుంచి విన్న హామీలనే వరసగా వినిపించింది. అత్తసొమ్ము అల్లుడు దానం చేసినట్టు. అంత చేసినా జూన్ 29న 44-42తో ప్రభుత్వం పడిపోయింది. క్లార్క్ లెఫ్టినెంట్ గవర్నరు జుడిత్ గిషాన్ దగ్గరికి వెళ్లి మళ్లీ ఎన్నికలు పెట్టమని అడిగితే, అక్కర్లేదని ఆవిడ ఎన్డీపీ నాయకుడు జాన్ హోర్గన్‌ని పిలిచారు. థామ్సన్ కూడా లేచి వెళ్లిపోయాడు. ఏడు రోజులు! అద్దెకున్నవాడైనా నెల ముందు చెప్తాడు కదండీ.

జూలై 18న హోర్గన్ ప్రమాణం చేశాడు. మంత్రులొచ్చారు, గదులొచ్చాయి, మీరు మాత్రం ఖాళీ. మాలో ఎవరూ కూర్చోరని లిబరల్స్ భీష్మించుకున్నారు. సెప్టెంబరు 8న వాళ్లలోంచే అబాట్స్‌ఫర్డ్ ఎమ్మెల్యే డారెల్ ప్లెకస్ వచ్చి మీలో కూర్చున్నాడు. పార్టీ ఆయన్ని వెలివేసింది. మా దగ్గరైతే ఫిరాయింపుల చట్టం, అనర్హత పిటిషను, ఆ పిటిషన్ మీద స్పీకరు ఏళ్ల తరబడి కూర్చోవడం అన్నీ జరిగేవి. ఇక్కడ ఆ చట్టమే లేదు కాబట్టి ఆయన తిన్నగా మీ మీదే కూర్చున్నాడు.

ఆయన రాజకీయాల్లోకి రాకముందు నేరశాస్త్రం ప్రొఫెసరు. ఈ ముక్క మీ ఇంట్లో ఎవరూ పట్టించుకోలేదు, పట్టించుకోవాల్సింది. మీ చుట్టుపక్కల అల్మారాలు తెరవడం మొదలుపెట్టాడు. 2019 జనవరిలో ఆయన రిపోర్టు బయటికొస్తే జనం నోళ్లలో నానింది ఒక్కటే, కట్టెలు చీల్చే యంత్రం. శాసనసభ డబ్బుతో కొన్న ఆ యంత్రం సభ కార్యదర్శి ఇంట్లో ఉందట. విపత్తు వస్తే ఎమ్మెల్యేలకి చలిమంట వేయడానికని సమర్థన! తర్వాత కోర్టు ఆ యంత్రం విషయంలో నేరం రుజువు కాలేదంది, ప్రభుత్వ సొమ్ముతో బట్టలు కొన్నందుకు మాత్రం దోషి అంది. ఎవరికీ అక్కర్లేని కుర్చీలో ఎవరికీ అక్కర్లేని మనిషి కూర్చుంటే ఏమవుతుందో ఆ రోజు టిమ్ హార్టన్స్‌లో కాఫీ క్యూలో నిలబడ్డవాళ్లందరూ మాట్లాడుకున్నారు.

మనలో మాట, ఆ మూడేళ్లే నాకు నచ్చిన రోజులు. ఎమ్మెల్యేకి జలుబు చేస్తే ప్రావిన్స్‌కి టెన్షన్. విక్టోరియా ఉన్నది దీవి మీద, శీతాకాలంలో గాలి ఎక్కువై ఫెర్రీ రద్దయితే ప్రభుత్వమే రద్దవుతుందేమోనని భయం. నానైమో ఎన్డీపీ ఎమ్మెల్యే మేయరుగా వెళ్లిపోతే బలం 43-42కి వచ్చింది. అంతవరకూ నానైమో అంటే నాకు తెలిసింది పిల్లలు మారాం చేసే ఆ చాక్లెట్ బార్ ఒక్కటే. 2019 జనవరి 30న అక్కడి ఉపఎన్నిక ఫలితం కోసం నేను అర్ధరాత్రి దాకా మేలుకున్నాను. ఎన్డీపీ నిలబెట్టుకుంది. ఓడి ఉంటే 43-43, ఆపైన మీ దయ.

నా సొంత లాభం కూడా దాచుకోను. పోర్ట్‌మాన్ వంతెన మీద టోలు వెళ్లేటప్పుడు 3.15 డాలర్లు, వచ్చేటప్పుడు 3.15. నెలాఖరున ఆ బిల్లు వస్తే మా ఆవిడ ఫ్రిజ్ మీద అయస్కాంతం కింద పెట్టేది, నా జీతం కన్నా ఎత్తులో. హోర్గన్ ప్రభుత్వం దాన్ని ఎత్తేసింది. 2017 సెప్టెంబరు 1 పొద్దున టోలు లేకుండా మొదటిసారి దాటుతుంటే ఎందుకో కారు నెమ్మదిగా నడిపాను. మిగతావాళ్లూ అలాగే అనుకున్నారేమో, ఫ్రీ కదా, ఆ రోజు నుంచి ఊరంతా ఆ వంతెన మీదే. కాలం ఆదా కావాలంటే డబ్బు, డబ్బు ఆదా కావాలంటే కాలం.

2021 అక్టోబరు దాకా కలిసుంటామని గ్రీన్స్‌కి మాటిచ్చిన హోర్గన్, కరోనా మధ్యలో 2020 సెప్టెంబరులోనే ఎన్నికలు ప్రకటించాడు. 57 సీట్లొచ్చాయి. ఎమ్మెల్యేలకి జలుబు చేసే స్వేచ్ఛ తిరిగొచ్చింది. మీ మీద కూడా హాయిగా కర్చీఫ్ పడింది, బర్నబీ ఎమ్మెల్యే రాజ్ చౌహాన్‌ది. ఆ పాత లిబరల్ పార్టీ అయితే పేరు మార్చుకుని, 2024 ఎన్నికల ముందు ప్రచారమే ఆపేసి ఇంటికెళ్లింది.

మీరు మళ్లీ వార్తల్లోకి వస్తారని నాకు అనుమానంగానే ఉండేది. 2024 అక్టోబరులో 93 సీట్లలో ఎన్డీపీకి 47 వచ్చాయి, సరిగ్గా గీత మీద. ఆ నలభై ఏడోది మా సర్రీ-గిల్‌ఫర్డ్. రీకౌంటింగ్ తర్వాత తేడా 22 ఓట్లు. చౌహాన్ గారు మళ్లీ మీలో కూర్చున్నారు కాబట్టి సభలో 46కి 46. 2025 మేలో రెండు బిల్లులు మీలోంచి వచ్చిన ఓటుతోనే గట్టెక్కాయి. మెజారిటీ అని పిలిచే ఈ మైనారిటీని ఏమనాలో నాకైతే తెలియదు.

ఆ 22లో మావి ఎన్ని అని మిత్రులు అడుగుతుంటారు. ఒక్కటీ లేదు. మా ఆవిడ ఒకరికి, నేను ఇంకొకరికి వేశాం. మా ఇంటి నికర మొత్తం సున్నా. ఇంట్లో ఓట్లు సమానమైనప్పుడు విజిటర్ వీసా మీద వచ్చిన మా అమ్మే స్పీకరు. ఉన్నదాన్ని ఉన్నట్టే ఉంచాలన్న ఆనవాయితీ ఆవిడకి ఎవరూ చెప్పలేదు, ప్రతిసారీ కోడలి వైపే. కుర్చీ కూడా అడగదు, సోఫాలో చిక్కుళ్లు ఒలుచుకుంటూనే తీర్పు చెప్పేస్తుంది.

ఇట్లు,
నికర సున్నా ఇంటి ఓటరు,
గిల్‌ఫర్డ్, సర్రీ.

తా.క.: వచ్చే నెల ఫెర్రీలో వస్తున్నాం. గ్యాలరీలో ముందు వరస దొరక్కపోతే కర్చీఫ్ వేస్తాను, ఏమీ అనుకోకండి.