సవరణ: ముగ్గురు పిల్లలున్నవారు సర్పంచ్‌గా పోటీ చేయవచ్చు

పంచాయతీ ఎన్నికల అర్హతలపై గత వారం రాసిన పోస్టులో, ఇద్దరికి మించి సంతానం ఉన్నవారు ఆంధ్రప్రదేశ్‌లో సర్పంచ్ పదవికి అనర్హులని పేర్కొన్నాను. అది తప్పు. 1994 నాటి పంచాయతీరాజ్ చట్టం 19వ సెక్షన్‌లోని ఆ నిబంధనను తొలగిస్తూ శాసనసభ 2024 నవంబరులో సవరణ బిల్లును ఆమోదించింది. నేను ఆధారపడింది పాత ప్రతి మీద.

పద్మనాభం మండలం నుంచి ఒక అక్క ముగ్గురు పిల్లల జనన ధ్రువపత్రాలను ప్లాస్టిక్ కవరులో పెట్టుకుని విశాఖలో మా ఇంటికి వచ్చి, "అయితే నేను నామినేషన్ వెయ్యకూడదా బాబూ?" అని అడిగినప్పుడు ఈ పొరపాటు ఎంత పెద్దదో తెలిసింది. వేయవచ్చు. 21 ఏళ్లు నిండి, గ్రామ ఓటరు జాబితాలో పేరుండి, ఇతర అనర్హతలు లేకపోతే పిల్లల సంఖ్య అడ్డు కాదు.

హర్యానాలోని ఇలాంటి నిబంధనను 2003లో జావేద్ కేసులో సుప్రీంకోర్టు సమర్థించిందని ఆ పోస్టులో రాసిన మాట మాత్రం సరైనదే. బిడ్డను దత్తత ఇచ్చినంత మాత్రాన అనర్హత పోదని కూడా ఆ తీర్పు చెప్పింది. అయితే అలాంటి నిబంధన రాజ్యాంగబద్ధమనడం వేరు, అది ఇక్కడ అమల్లో ఉందనడం వేరు.

నామినేషన్ తిరస్కరిస్తే నేరుగా హైకోర్టుకు వెళ్లడమే మార్గమని అందులో రాసినదీ సరికాదు. రాజ్యాంగం 243-ఓ అధికరణం ప్రకారం పంచాయతీ ఎన్నికను, అది ముగిశాక వేసే ఎన్నికల పిటిషన్ ద్వారానే ప్రశ్నించాలి కనుక, న్యాయస్థానాలు సాధారణంగా ఎన్నిక మధ్యలో జోక్యం చేసుకోవు. అందుచేత నామినేషన్ల పరిశీలన రోజునే అభ్యంతరాలకు రాతపూర్వకంగా జవాబిచ్చి, తిరస్కరణ ఉత్తర్వు ప్రతిని తప్పక తీసుకోండి. పాత పోస్టును ఇతరులకు పంపినవారు దీన్నీ పంపవలసిందిగా కోరుతున్నాను.