నలుణ్ణి ఓటీపీ ఎవరడిగినారు?

చేతికి బెల్లం జిగురు ఇంకా పోలేదు, ఫోను వేలికి అంటుకుంటాంది, అందుకే తొందరగా చెప్పేస్తా. చెనిక్కాయ ఉండలు చేద్దామనుకున్నాం. అనంతపురం వాళ్ళకు ఆ మాత్రం రాదా అన్న పొగరు. అరకిలో విత్తనాలు, 400 గ్రాముల బెల్లం, పావుగ్లాసు నీళ్ళు. విత్తనాలు సన్నసెగన పది పన్నెండు నిమిషాలు వేయించి, గుడ్డలో నలిపి, చేటలో చెరిగి పొట్టు ఊదేసినాం. బెల్లం కరగబెట్టి, ఇసక లేకుండా వడగట్టినాం. ఇంతవరకు ఎవరైనా చేస్తారు.

రసవాదమంతా ఆ తర్వాతే. పాకం మొదట తీగ సాగుతుంది. తర్వాత నీళ్ళలో మెత్తగా ఉండ కడుతుంది, అది అరిసెల పాకం. ఇంకా కాగితే చుక్క రబ్బరు మాదిరి సాగుతుంది. అక్కడ దించినామా, ఉండలు పళ్ళను వదలవు. నీళ్ళలోంచి తీసి విరిస్తే టక్కుమనాలి. ఆ టక్కుకూ మాడు వాసనకూ మధ్య దూరం కొన్ని సెకన్లే. అందుకే చుక్క చూసే ప్రతిసారీ మంట ఆర్పాలి, మన పరీక్షా ఫలితాల కోసం బాండ్లిలో పాకం ఆగదు గదా. మేము చూసిన వీడియోలో ఈ ముక్క లేదు. ‘పాకం వచ్చేదాకా తిప్పుకోండి’ అని చెప్పి పాట పెట్టేసినారు.

మా బావ వంటింటి గడప మీద కూర్చుని నలుడి కథ ఎత్తుకున్నాడు. "నలుడంటే ఏమనుకున్నావప్పా! పెండ్లిలో దేవుళ్ళే వరాలిచ్చినారు. అగ్ని పిలిస్తే వస్తాడు, వరుణుడు పిలిస్తే వస్తాడు, చేతికి రుచి యముడిచ్చినాడు. బాహుకుడని పేరు మార్చుకుని ఋతుపర్ణుడనే రాజు దగ్గర ఉన్నప్పుడు దమయంతి చెలికత్తె కేశిని దాక్కుని చూసింది. ఖాళీ బిందెకల్లా చూస్తే నీళ్ళు నిండినాయి. గడ్డిపోచ ఎండకు పెడితే మంట! ఆయన వండిన మాంసం ముక్క నోట్లో పెట్టుకోంగానే మొగుడెవరో దమయంతికి తెలిసిపోయి ఏడ్చేసింది."

నేను వండింది మా ఆవిడ నోట్లో పెట్టుకున్నా నన్ను పట్టేస్తుంది. కాకపోతే ఏడుపు వేరే రకం.

చుక్క టక్కుమంది. మంట ఆర్పి, చిటికెడు సోడా వేసి, పాకం బుసబుస పొంగంగానే విత్తనాలు పోసి, గంటె దించినానో లేదో, బయట కేక: "గ్యాస్!"

పది రోజులుగా రాని సిలిండరు సరిగ్గా ఆ నిమిషంలో వచ్చింది. "ఓటీపీ చెప్పండి సార్." కనెక్షన్ మా అత్తగారి పేరు మీద, నంబరు ఆమె ఫోనుకు, ఆమె కదిరి బస్సులో. "కదిరి అంటే కటారుపల్లె పక్కనే గదప్పా, వేమన సమాధి" అని బావ వేమన బంగారం చేసే విద్యలోకి దిగినాడు. అవతల అత్తగారు బస్సు హోరులో నాలుగంకెలు చదివినారు. కలవలేదు. మళ్ళీ చదివినారు. అది బ్యాంకు మెసేజీలోని నిలవ.

వంటింట్లోకి వచ్చి గంటె లాగితే బాండ్లి లేచింది.

ఇక్కడ కొంచెం ఆగాలి. గంటె నిటారుగా, అంగుళం కదలకుండా, జెండా కర్ర మాదిరి నిలబడింది. ముదురు పాకం చల్లారితే గాజు అవుతుంది. చల్లని ఇనప గంటె దాని వేడి లాగేసి ముందు తన చుట్టూ బిగించుకుంటుంది. గంటెకు నెయ్యి రాసి వేడి చేసుకోవల్ల, బాండ్లిని వేడినీళ్ళ గిన్నె మీద పెట్టుకోవల్ల. ఇవన్నీ ఇప్పుడు తెలుసు. రోకలితో తడితే పై విత్తనాలు నాలుగు ఎగిరి బావ చొక్కా జేబులో పడినాయి. ఆయన తిన్నాడు గూడ. "రుచి కుదిరిందిలే" అన్నాడు. గంటె పట్టుకుని పైకెత్తితే మొత్తం ఒకటే వస్తువు: కింద గుండ్రం, పైన పిడి. విరాటుడి కొలువులో వలలుడు అచ్చం ఇట్లాంటిదే పట్టుకుని ఉంటాడు. భీముడికి గద ఒకటి, గంటె ఒకటి. నాకు రెండూ ఒకటే.

అదే భుజాన వేసుకుని గేటు దగ్గరికి పోయినా. గ్యాస్ అబ్బాయి రెండడుగులు వెనక్కి వేసినాడు. "సార్, కోడు లేకుండా ఇస్తే మమ్మల్నంటారు సార్." అతని తప్పు లేదు. సిలిండరు తీసుకోవల్సినోడు ఇంట్లోనే ఉన్నా, అవునో కాదో చెప్పవల్సిన ఫోను ముదిగుబ్బ దాటుతున్నా, ఎవరి తప్పూ ఉండదు. 14.2 కిలోల అగ్నిదేవుడు మళ్ళీ బండెక్కినాడు.

సుత్తితో కొడితే బాండ్లి సొట్ట పోతుంది, పాకం మాత్రం వదలదు. నీళ్ళు పోసి సన్నసెగన పెడితే అదే కరుగుతుంది. రెండు గ్లాసులు పోసి స్టవ్వు వెలిగించినా. అంచుల్లో బెల్లం ఎర్రగా కరగడం మొదలై, గంటె అటూ ఇటూ కొంచెం ఊగింది. అంతలో మంట నీలంగా చిన్నదై, గుప్పుమని ఆరిపోయింది. పాత సిలిండరు అయిపోయింది.

బావ లేచి పెరట్లోకి పోయినాడు. ఎండ బాగుంది, గడ్డిపోచ కోసం వెతుకుతున్నట్టుండాడు.