నాలా హద్దు తేలకుండా వ్యాజ్యం తెగదు

హైదరాబాద్‌లో నాలాను ఆక్రమించి కట్టారన్న ఇళ్ల గురించి హైకోర్టుకు వెళ్లే వ్యాజ్యాల్లో చాలావరకు ఒకే ప్రశ్న దగ్గర నిలిచిపోతున్నాయి. కట్టడం నాలా స్థలంలో ఉందని అధికారులు అంటారు. రిజిస్టర్డ్ దస్తావేజు, మునిసిపల్ అనుమతి పత్రం, ఇంటి పన్ను రసీదులు చూపి అది తన పట్టా భూమేనని యజమాని అంటాడు. అయితే ఆ చోట నాలా అసలు వెడల్పు ఎంత అన్న ప్రశ్నకు ఉభయులూ తలవంచే పటం మాత్రం కోర్టు ముందుకు రాదు. సర్వే చేయిస్తామని ప్రభుత్వ న్యాయవాది గడువు కోరడం, అంతవరకు యథాతథస్థితి పాటించాలని ఉత్తర్వు వెలువడడం, ఆ ఉత్తర్వు నీడలో వర్షాకాలాలు ఒకటి తర్వాత ఒకటి గడిచిపోవడం నగరానికి అలవాటైపోయింది.

నిబంధనలకు కొరత లేదు. 2012 ఏప్రిల్‌లో భవన నిర్మాణ నిబంధనలపై వచ్చిన జీవో 168 ప్రకారం 10 మీటర్లకు మించి వెడల్పున్న నాలాకు హద్దు నుంచి 9 మీటర్లు, అంతకు లోపు వెడల్పున్న దానికి 2 మీటర్లు ఖాళీగా వదలాలి. హద్దే నిర్ణయం కానప్పుడు ఈ కొలత ఎక్కడ మొదలవుతుంది? ఒకప్పుడు 15 మీటర్లున్న నాలాను ఇరువైపులా పూడ్చి 8 మీటర్లకు కుదించారనుకుందాం. ఇప్పుడున్న ప్రవాహాన్నే కొలిచే అధికారి దానికి 2 మీటర్ల బఫర్ (ఖాళీ జాగా) చాలునంటాడు. అంటే కబ్జాదారుకు పూడ్చిన నేలతో పాటు, చట్టం వదలమన్న 9 మీటర్లలో 7 మీటర్లు కూడా దక్కుతాయి. తప్పు చేసినవాడికి రెండింతల లాభం కట్టబెట్టే ఈ లెక్కను మేము ఏ విధంగానూ అంగీకరించలేము.

కట్టడాల కూల్చివేతపై సుప్రీంకోర్టు 2024 నవంబరు 13న ఇచ్చిన తీర్పును ఈ వెలుగులోనే చదవాలి. 15 రోజుల ముందస్తు నోటీసు తప్పనిసరి చేసిన ఆ తీర్పు, రోడ్డు, ఫుట్‌పాత్, నది, జలవనరు వంటి బహిరంగ స్థలాల్లోని అనధికార కట్టడాలను ఆ రక్షణ నుంచి మినహాయించింది. ఆ మినహాయింపు సబబైనదే. కానీ ఒక ఇల్లు నాలాలో ఉందా, దాని పక్కన ఉందా అన్నదే అసలు వివాదమైనప్పుడు, మినహాయింపు వర్తిస్తుందో లేదో తేల్చవలసింది కొలత గొలుసే గానీ బుల్డోజర్ కాదు. చెరువులు, నాలాల ఆక్రమణలను తొలగించేందుకు 2024 జులైలో ఏర్పడిన ప్రభుత్వ సంస్థ హైడ్రాకు ఆ ఏడాది అక్టోబరులో ఆర్డినెన్స్ ద్వారా చట్టబద్ధ అధికారాలు సమకూరాయి. పూడుకుపోయిన నాలాలను తెరిపించాలన్న ఆ సంస్థ ఉద్దేశాన్ని మేము సమర్థిస్తున్నాము. అయితే హద్దు ప్రకటించకుండా కూల్చిన ప్రతి గోడా న్యాయస్థానంలో ప్రభుత్వ పక్షాన్నే బలహీనపరుస్తుంది.

మన నాలాలు మురుగు కోసం తవ్వినవి కావు. గొలుసుకట్టు చెరువుల్లో పై చెరువు అలుగు దూకిన నీటిని కింది చెరువుకు, చివరకు మూసీకి చేర్చిన వాగులవి. 2000 ఆగస్టులో బేగంపేటలో ఒక్కరోజులో 24 సెంటీమీటర్ల వాన కురిసి బస్తీలు మునిగిన తర్వాత కిర్లోస్కర్ కన్సల్టెంట్స్ సంస్థ ఇచ్చిన నివేదిక నాలాల విస్తరణను సూచించింది. ఇరవై ఏళ్లకు, 2020 అక్టోబరులో ఘట్‌కేసర్ ప్రాంతంలో 32 సెంటీమీటర్లు కురిసిన రాత్రి, అవే ఇరుకు నాలాలు కాలనీల మీదకు పొంగాయి. అంతకు ఒక నెల ముందే నేరేడ్‌మెట్‌లో సైకిల్‌పై వెళ్లిన 12 ఏళ్ల బాలిక తెరిచి ఉన్న నాలాలో పడి మరణించింది. వాయిదా పడిన ఏ కేసు ఫైలులోనూ ఆ బిడ్డ పేరు ఉండదు.

నాలా అంచున రేకుల గదిలో బతికే కూలీని, అదే నాలాపై పిల్లర్లు లేపి అంతస్తులు అమ్ముకున్న బిల్డర్‌ను ఒకే గాటన కట్టకూడదు. మొదటివారికి ఇల్లు చూపించాకే ఖాళీ చేయించాలి. రెండోవారి విషయంలో అనుమతిపై సంతకం చేసిన అధికారి కూడా ప్రతివాదిగా నిలబడాలి. అప్పు చేసి ఫ్లాట్ కొన్న కుటుంబానికి ఆ బిల్డరే పరిహారం చెల్లించాలి.

నిజాం కాలపు గ్రామ నక్షలు (పటాలు), సేత్వారులు (సర్వే నంబర్ల తొలి రికార్డులు), తిప్పన్లు (క్షేత్ర కొలతల చిత్తులు) మనకున్నాయి. ఉపగ్రహ చిత్రాలు ఇవ్వగల జాతీయ రిమోట్ సెన్సింగ్ కేంద్రం బాలానగర్‌లోనే ఉంది. రెవెన్యూ, నీటిపారుదల, మునిసిపల్ శాఖలు వీటిని ఒకచోట పెట్టి నాలావారీగా ముసాయిదా హద్దులు ప్రకటించి, అభ్యంతరాలు విని, తుది నోటిఫికేషన్ ఇచ్చి రాళ్లు పాతాలి. అప్పటిదాకా వచ్చే ప్రతి పిటిషన్‌లో హైకోర్టు తొలి విచారణనాడే అడ్వకేట్ కమిషనర్ (కోర్టు నియమించే న్యాయవాది) సమక్షంలో ఉమ్మడి సర్వేకు ఆదేశించి, నెల రోజుల గడువు విధించాలని, ఆ నివేదిక అందేదాకా స్టే పొందినవారు అక్కడ కొత్తగా ఒక్క ఇటుక కూడా పేర్చకుండా చూడాలని వినమ్రంగా కోరుతున్నాము. ఈ పని బుల్కాపూర్, పికెట్, ముర్కి నాలాలతో మొదలు కావాలి.