‘క్రాక్ అయితే ఏంటి, పని ఒకటేగా’ అనేవాళ్లకు

ఈ మధ్య ఒక సలహా తెగ షేర్ అవుతోంది: ‘ఆఫీసు ఫోన్లు, ల్యాప్‌టాప్‌లను కంట్రోల్ చేసే ఎండీఎం సాఫ్ట్‌వేర్‌కి లైసెన్సు దండగ. క్రాక్‌లోనూ (లైసెన్సు అడగకుండా మార్చేసిన దొంగ కాపీ) అన్ని ఫీచర్లూ ఉంటాయి. యాంటీవైరస్ అరిస్తే పట్టించుకోకండి. అప్‌డేట్లు ఆపేయండి. చిన్న కంపెనీల జోలికి ఎవడొస్తాడు?’

ముందు యాంటీవైరస్ సంగతి. క్రాక్‌తో వచ్చే రీడ్‌మీ ఫైల్ ఎప్పుడైనా చదివారా? యాంటీవైరస్ ఆపండి, అడ్మిన్‌గా రన్ చేయండి, హోస్ట్స్ ఫైల్‌లో (ఏ వెబ్ అడ్రస్‌కి ఎక్కడికి వెళ్లాలో కంప్యూటర్‌కి చెప్పే ఫైల్) ఈ లైన్లు అతికించండి అని ఉంటుంది. కుక్కను కట్టేసి బీరువా తాళాలు ఇమ్మన్నట్టే. వీడియో ఎడిటర్ క్రాక్‌లో మాల్వేర్ ఉంటే ముందు పోయేది ఆ ఒక్క కంప్యూటరే. ఎండీఎం సర్వర్ అలా కాదు. అది తన కింద ఉన్న ఏ ఫోన్‌లోకైనా యాప్ పంపగలదు, సర్టిఫికెట్ ఎక్కించగలదు, ఒక్క కమాండ్‌తో అంతా తుడిచేయగలదు. 2024 ఆగస్టులో మొబైల్ గార్డియన్ అనే ఎండీఎంలోకి ఎవరో చొరబడితే, సింగపూర్‌లో సుమారు 13,000 మంది విద్యార్థుల ఐప్యాడ్‌లు, క్రోమ్‌బుక్‌లు ఖాళీ అయిపోయాయి. అది లైసెన్సుతో నడిచేదే సుమా! క్రాక్‌లో అయితే చొరబడే శ్రమ కూడా ఉండకపోవచ్చు, తలుపు మనమే తీస్తున్నాం.

అన్ని ఫీచర్లూ ఉంటాయన్నది అర్ధసత్యం. ఐఫోన్లకు కమాండ్ వెళ్లాలంటే ఆపిల్ పుష్ సర్టిఫికెట్ (ఆపిల్ ద్వారా ఫోన్లకు కబురు పంపడానికి ఎండీఎం సర్వర్‌కి ఆపిల్ ఇచ్చే డిజిటల్ గుర్తింపు) కావాలి. దానికి పెట్టే అభ్యర్థనపై ఎండీఎం కంపెనీ సంతకం ఉండాలి, ఏటా రెన్యువల్ చేయాలి. క్రాక్ వాడేవాళ్లకు ఆ సంతకం ఎవరు పెడతారు? ఊరూపేరూ లేనివాడు సర్టిఫికెట్ ఇచ్చాడంటే, రేపు దాని రెన్యువల్ కూడా వాడి చేతిలోనే.

అప్‌డేట్లు ఆపమనడం మరీ దారుణం. 2023 జులైలో ఇవాంటీ కంపెనీ వారి ఈపీఎంఎం అనే ఎండీఎంలో పాస్‌వర్డ్ లేకుండానే లోపలికి రానిచ్చే లోపం బయటపడింది. అప్పటికే నార్వేలో 12 మంత్రిత్వ శాఖలు వాడే వ్యవస్థపై దాడి జరిగిపోయింది. కంపెనీ ప్యాచ్ (ఆ లోపాన్ని సరిచేసే అప్‌డేట్) ఇచ్చింది, వేసుకున్నవాళ్లు ఆ దారి మూసుకున్నారు. అప్‌డేట్లు ఆపేసినవాళ్లకు ఆ దారి తెరిచే ఉంటుంది.

ఇక చిన్న కంపెనీల మాట. 2021 జులైలో కసేయా వీఎస్ఏ అనే రిమోట్ మేనేజ్‌మెంట్ సాఫ్ట్‌వేర్ ద్వారా రెవిల్ అనే హ్యాకర్ల ముఠా రాన్సమ్‌వేర్ (ఫైళ్లకు తాళం వేసి డబ్బు అడిగే మాల్వేర్) వదిలింది. 800 నుంచి 1,500 వ్యాపారాలు దెబ్బతిన్నాయని కసేయా కంపెనీ అంచనా. వాటిలో చాలావరకు చిన్నవే.

లైసెన్సు ఖర్చు భారమే, కాదనను. అందుకే నానోఎండీఎం, హెడ్‌విండ్ లాంటి ఓపెన్ సోర్స్ (కోడ్ అందరికీ తెరిచి ఉంచిన) ఎండీఎంలు ఉన్నాయి. క్రాక్ ఇప్పటికే ఎక్కించి ఉంటే అన్‌ఇన్‌స్టాల్ చేసి ఊరుకోవద్దు: సర్వర్‌ను మొదటి నుంచి కట్టుకోండి, అడ్మిన్ పాస్‌వర్డ్‌లన్నీ మార్చండి, ప్రతి ఫోన్‌నూ రీసెట్ చేసి మళ్లీ ఎన్‌రోల్ చేయండి.