జఫర్‌ను విచారించే హక్కు కంపెనీకి ఎవరిచ్చారు?

చివరి మొఘల్ పాదుషా బహదూర్ షా జఫర్ పేరెత్తితే మనకు గుర్తొచ్చేది జాలి కథే. రంగూన్ ప్రవాసం, గజళ్లు, గుర్తు లేకుండా కప్పెట్టిన సమాధి. ఆ కథ అందరికీ తెలుసు. కానీ అసలు అన్యాయం అంతకు ముందే, 1858 జనవరి 27న ఎర్రకోట దివాన్-ఇ-ఖాస్‌లో మొదలైంది. ఆ విచారణ జరిపే హక్కే ఈస్టిండియా కంపెనీకి లేదు.

ఒక అభియోగం చూడండి. బ్రిటిష్ ప్రభుత్వ ప్రజ అయి ఉండి, విధేయత మరిచి, జఫర్ తనను తాను హిందుస్థాన్ పాదుషాగా ప్రకటించుకున్నాడట. ఆ ఎనభై దాటిన ముసలాయన కంపెనీకి ప్రజ ఎప్పుడయ్యాడు? ఏ కాగితం మీద? ఉన్న కాగితాలన్నీ దీనికి పూర్తిగా విరుద్ధం. బెంగాల్, బీహార్, ఒరిస్సాల్లో పన్నులు వసూలు చేసుకునే దివానీని 1765లో కంపెనీకి ఇచ్చింది జఫర్ తాత షా ఆలం. అదే ఏడాది శ్రీకాకుళం మొదలు కొండపల్లి దాకా మన ఉత్తర సర్కార్లకు కూడా కంపెనీ ఆయన దగ్గరే ఫర్మానా పుచ్చుకుంది. బెంగాల్‌లో 1835 దాకా కంపెనీ కొట్టిన రూపాయి మీద షా ఆలం పేరే ఉండేది. ఆయన చనిపోయిందేమో 1806లో! తాత పోయిన 29 ఏళ్ల దాకా ఆయన పేరుతో నాణేలు చలామణి చేసినవాళ్లు మనవడిని రాజద్రోహి అన్నారు. 1857 సిపాయిల తిరుగుబాటులో నిజానికి తిరగబడింది కంపెనీయేనని చరిత్రకారుడు బక్లర్ 1922లోనే వాదించాడు. నేను ఆయన పక్షమే.

కంపెనీ గురించి బ్రిటిష్ పార్లమెంటు చేసిన 1813 చార్టర్ చట్టం సార్వభౌమాధికారం బ్రిటిష్ రాజుదేనని చెప్పింది కదా, జఫర్ నెలకు లక్ష రూపాయల పెన్షన్ తీసుకున్నాడు కదా అంటారు. కోటలో బందీలుగా ఉన్న యూరోపియన్లను, ఆడవాళ్లు, పిల్లలతో సహా, 1857 మే 16న చంపేశారు. ఆ నెత్తురుకు ఎవరో ఒకరు జవాబు చెప్పాల్సిందే, కాదనను. కానీ లండన్‌లో చేసుకున్న చట్టంతో ఢిల్లీ పాదుషా ఎవరికో ప్రజ అయిపోడు.

తీర్పు చెప్పడానికి కూర్చున్నది ఐదుగురు సైనికాధికారులు. ముద్దాయి శాలువా కప్పుకుని మధ్యమధ్యలో కునికిపాట్లు పడేవాడు. సిపాయిలు ఖాళీ కవర్ల మీద తన ముద్ర వేయించుకుని పోయేవారని, వాటిలో ఏ ఉత్తరాలు పెట్టి ఎవరికి పంపారో తనకు తెలియదని రాసిచ్చాడు. ఎవరు వింటారు?

ఈ పతనానికి బీజం 1857లో పడలేదు. దివానీకి బదులుగా ఏటా 26 లక్షల రూపాయలు కడతానని కంపెనీ ఒప్పుకుంది. కొన్నేళ్లకే బెంగాల్‌లో కంపెనీ గవర్నర్ వారన్ హేస్టింగ్స్ ఆ చెల్లింపు ఆపేశాడు. షా ఆలం ఏం చేయగలిగాడు? దివానీకి గడువు లేదు, మాట తప్పితే వెనక్కి తీసుకునే బలం ఆయనకు లేదు. పన్ను వసూలు చేసేవాడికే సైన్యం, ఆ సైన్యానికి జీతం ఆ పన్నుల్లోంచే.

అందుకే ఇవాళ రేవులు, టోల్ రోడ్లు దశాబ్దాల తరబడి కంపెనీలకు రాసిచ్చేస్తుంటే నాకు టెన్షన్ పట్టుకుంటుంది. పెట్టుబడి రావాలి, సరే. మరి ఆ ఒప్పందం ఎన్నేళ్లు, షరతు తప్పితే రద్దు చేసే అధికారం ఎవరిది, ప్రభుత్వ వాటా ఆగిపోతే వసూలు చేసేదెవరు? సంతకాలు పెట్టకముందే ఇవన్నీ శాసనసభలో చర్చకు రావాలి, పూర్తి పాఠం జనం చదవడానికి దొరకాలి.