ఉప్పుటేటికి లెక్క ఎవరు రాస్తారు?

మన తీరంలో రామాయపట్నం దగ్గర భారత్ పెట్రోలియం (బీపీసీఎల్) పెట్టబోయే చమురు రిఫైనరీ మాట ఎత్తినప్పుడల్లా నాకు బోడో గుర్తొస్తుంది. నైజీరియాలో, నైజర్ డెల్టాలో, ఓగోనీ ప్రాంతంలో ఉన్న ఊరు అది. చుట్టూ ఏటి పాయలు, మడ అడవులు, గట్టున పొలాలు. చేపల వేట, సేద్యం, ఈ రెండే అక్కడి జనానికి బతుకుతెరువు. మన గుడ్లూరు, ఉలవపాడు తీరాన్ని చూసినవాళ్ళకు ఆ ఊరిని ఊహించుకోవడం కష్టం కాదు.

బోడో మీదుగా షెల్ కంపెనీ ముడిచమురు పైపులైన్ పోతుంది. 2008లో అది రెండుసార్లు పగిలింది. మొదటి లీకేజీ ఆగస్టు 28న మొదలైందని ఊరివాళ్ళు అన్నారు. కాదు, అక్టోబరు 5న అని కంపెనీ అంది. ఆగింది మాత్రం నవంబరు 7న. ఇక రెండోది డిసెంబరులో మొదలై 2009 ఫిబ్రవరి దాకా కారింది.

మొదటి లీకేజీలో పోయిన చమురు 1,640 బ్యారెళ్లు అని కంపెనీ లెక్క. పచారీ కొట్లో కందిపప్పు తూచినట్టు, ఎంత కచ్చితంగా ఉందో చూడండి! వీడియోలు చూసి ఒక అమెరికన్ నిపుణ సంస్థ వేసిన అంచనాలో రోజుకే తక్కువలో తక్కువ 1,440 బ్యారెళ్లు తేలింది. ఊరివాళ్ళు చెప్పిన తేదీ నుంచి లెక్కేస్తే 72 రోజులు, అంటే లక్ష బ్యారెళ్లు దాటుతుంది. కంపెనీ మొత్తం లెక్క ఒక్కరోజు ధారకు కాస్త ఎక్కువ, అంతే. తమ తొలి అంచనా తక్కువేనని చివరికి 2014లో లండన్ కోర్టు పత్రాల్లో షెల్ ఒప్పుకుంది.

ఈ అంకెల గొడవ మనకెందుకంటే, పరిహారం నడిచేది ఆ అంకె మీదే. ఊరు మొత్తానికి మొదట 4,000 పౌండ్లు ఇస్తామన్నారు. జనం లండన్ కోర్టుకెక్కాక, 2015 జనవరిలో 5.5 కోట్ల పౌండ్లకు రాజీ కుదిరింది. అందులో 3.5 కోట్లు 15,600 మందికి పంచారు, తలా సుమారు 2,200 పౌండ్లు. మిగతాది ఊరికి. అప్పటికి చమురు పడి ఆరేళ్ళు దాటింది. మడ చెట్ల వేళ్ళు ఊపిరి పీల్చే రంధ్రాలను చమురు పూడ్చేస్తుంది, చెట్టు నిలువునా ఎండిపోతుంది. బురదలోపల గాలి ఆడదు కాబట్టి అక్కడికి దిగిన చమురు ఏళ్ళ తరబడి కరగదు. రోజుకు రెండుసార్లు వచ్చే పోటు దాన్ని కాస్త కాస్త పైకి తెచ్చి మళ్ళీ పూస్తూ ఉంటుంది. ఓగోనీ ప్రాంతాన్ని పూర్తిగా బాగుచేయడానికి 25 నుంచి 30 ఏళ్ళు పట్టొచ్చని ఐక్యరాజ్యసమితి పర్యావరణ సంస్థ 2011లోనే చెప్పింది.

‘అది నైజీరియా, ఇది ఆంధ్ర. పోలికేంటి?’ అనొచ్చు. నిజమే, చాలా తేడా ఉంది. ఇక్కడ రిఫైనరీ ఇంకా కాగితాల మీదే ఉంది, ఎవరూ చుక్క చమురు ఒలకబోయలేదు. నేనేమీ ప్రాజెక్టు వద్దనే జెండా పట్టుకుని కూర్చోలేదు. సుమారు 6 వేల ఎకరాలు, 95 వేల కోట్ల పైచిలుకు పెట్టుబడి అంటే మా ప్రాంతపు కుర్రాళ్ళకు ఆశ పుట్టదా? ముందస్తు పనులకు బీపీసీఎల్ 2024 డిసెంబరులో 6,100 కోట్లకు పచ్చజెండా ఊపింది కూడా. నా గొడవల్లా లెక్క గురించే.

మనకు దగ్గర ఉదాహరణ కావాలంటే చెన్నై పక్కన ఎన్నూరు ఉంది. 2023 డిసెంబరులో మిచాంగ్ తుపాను వరదలో మణలి పారిశ్రామికవాడ నుంచి చమురు కొట్టుకొచ్చి ఎన్నూరు పాయలో చేరింది. వచ్చిన దారి బకింగ్‌హామ్ కాలువ. అవును, నెల్లూరు, ప్రకాశం తీరం పొడవునా మన ఉప్పుటేళ్ళను ఒకదానితో ఒకటి కలిపే కాలువే. ఆ చమురును మగ్గులతో, బక్కెట్లతో ఎత్తిపోసింది మత్స్యకారులే. 2017లో రెండు ఓడలు గుద్దుకున్నప్పుడూ బక్కెట్లే.

ఇక మన సంగతి. 2025లో ఉలవపాడు మండలం కరేడు రైతులు సోలార్ పరిశ్రమ భూసేకరణ మీద హైవే ఎక్కితే రాష్ట్రమంతా మాట్లాడింది. ఎకరం రేటెంత, పట్టా ఎవరిది, మామిడి తోటకు ఎంత కడతారు, అన్నిటికీ రిజిస్టర్లున్నాయి. బోటుకూ రిజిస్ట్రేషన్ ఉంది. ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా వేట నిషేధం, దానికిచ్చే భృతి, అన్నీ బోటు నంబరు చూసే నడుస్తాయి. మరి నడుము లోతు నీళ్ళలో దిగి చేత్తో రొయ్యలు, పీతలు పట్టే యానాదుల సంగతి? వాళ్ళకు బోటు లేదు, నంబరు లేదు. బుట్టలో పడింది మధ్యాహ్నానికి అమ్ముడైపోతుంది. ఏ రోజు ఎంత పట్టారో ఏ కాగితంలోనూ ఉండదు. రేపు పాయలో జిడ్డు తేలితే ‘నీకు నష్టమెంత?’ అని అడిగే గుమస్తాకు ఆ మనిషి ఏం చూపించాలి?

రొయ్యల చెరువుల వాళ్ళ పరిస్థితి కాస్త మెరుగు, వాళ్ళ దగ్గర మేత బిల్లులు ఉంటాయి. కానీ ఉప్పుటేటి నీళ్ళు మోటారుతో తోడుకునే చెరువుకు ఒక్కసారి చమురు వాసన అంటితే, వనామీ రొయ్య బతికినా కొనేవాడు రాడు. టెన్షన్ అంతా రైతుదే.

పర్యావరణ అనుమతికి ముందు ప్రజాభిప్రాయ సేకరణ పెడతారు. షామియానా, మైకు, పోలీసులు, ఉద్యోగాల హామీ. అక్కడ ఉద్యోగాలెన్ని అని అడిగేవాళ్ళు ఎలాగూ ఉంటారు. దాంతోపాటు ఈ మూడు ముక్కలు కూడా అడగాలి. పనులు మొదలు కాకముందే పాయల్లో నీటిని, బురదను, పీతలను పరీక్షించి ఆ ఫలితాలు పంచాయతీ గోడకు తెలుగులో అంటిస్తారా? ఏడాది పొడవునా, పోటూ పాటూ చూసి, బోటు లేనివాళ్ళ పట్టుబడిని కూడా మత్స్యశాఖ రాసుకుంటుందా? చమురు ఒలికితే ఎప్పుడు మొదలైంది, ఎంత పోయింది అని తేల్చే బృందంలో ఊరివాళ్ళకు సంతకం ఉంటుందా? బోడోలో ఆగస్టు 28కీ అక్టోబరు 5కీ మధ్య ఉన్న 38 రోజుల గురించి ఊరికీ కంపెనీకీ మాట కుదరకపోవడం వల్లే ఇది అడుగుతున్నాను.