ఒక ప్యాడు, ముగ్గురు పెత్తందార్లు

మొన్న ఆదివారం పొద్దున్నే వరంగల్ నుంచి మేనల్లుడి ఫోను. "మామయ్యా, మెనూలో కిందికి ఒక్కసారి నొక్కితే రెండు గళ్లు దిగుతోంది. ప్యాడ్ పోయినట్టుంది. అమ్మ కొత్తది కొననంటోంది, నువ్వొక మాట చెప్పవా?" ప్యాడంటే వీడియో ఆటలాడే కంట్రోలర్. వాడు కంప్యూటర్‌కి తగిలించి ఆడేది, వాళ్లన్న ఉద్యోగానికి బెంగళూరు వెళ్తూ వదిలేసిన పాత సోనీ ప్లేస్టేషన్ 4 ప్యాడ్.

"కొనడం సంగతి తర్వాత. విండోస్ కీ, ఆర్ కలిపి నొక్కు. వచ్చిన డబ్బాలో జె, ఓ, వై, చుక్క, సి, పి, ఎల్ అని కొట్టు" అన్నాను. పాత కాలం విండోస్ కిటికీ ఒకటి తెరుచుకుంటుంది. కంప్యూటర్‌కి ఏయే ప్యాడ్లు కనిపిస్తున్నాయో అందులో పేర్లుంటాయి.

"ఎన్ని ఉన్నాయిరా?"

"రెండు. ఒకటి వైర్‌లెస్ కంట్రోలర్, ఇంకోటి ఎక్స్‌బాక్స్ 360."

"నీ చేతిలో ఎన్నున్నాయి?"

కాసేపు చప్పుడు లేదు. "ఒక్కటే."

జబ్బు అక్కడే దొరికింది. ఏదో వీడియో చూసి డీఎస్4విండోస్ అనే ప్రోగ్రామ్ వేసుకున్నాడు. ప్లేస్టేషన్ ప్యాడ్‌కి మైక్రోసాఫ్ట్ వాళ్ల ఎక్స్‌బాక్స్ ప్యాడ్ వేషం వేయడం దాని పని. వేషం వేసింది బాగానే ఉంది, అసలు మనిషిని తెర వెనక దాచడం మరిచిపోయింది. ఆటకి ఇద్దరూ కనిపిస్తున్నారు. ఒక్క నొక్కుకి ఇద్దరూ "నొక్కాను" అంటున్నారు. ప్యాడ్‌లో ఏ లోపమూ లేదు.

"నా కంట్రోలర్ పాడైంది" అంటూ నా దగ్గరికి వచ్చే ఫిర్యాదుల్లో చాలావరకూ ఈ కోవవే. బొటనవేలితో తిప్పే స్టిక్ స్పందించట్లేదనో, కెమెరా దానంతటదే తిరుగుతోందనో మొదలవుతాయి. తీరా చూస్తే ప్యాడ్ మీద ఒకరికి తెలియకుండా ఒకరు పెత్తనం చేస్తుంటారు. ప్యాడ్ కోసం వేసుకున్న సాఫ్ట్‌వేర్ ఒకటి, కంప్యూటర్ ఆటలు అమ్మే స్టీమ్ ఒకటి, ఆటలోని సెట్టింగ్స్ ఒకటి. ముగ్గురూ తలా ఒక చెయ్యి వేస్తారు. కంట్రోలర్ అమర్చుకోవడమంటే నా దృష్టిలో సెట్టింగ్స్ పెంచుకుంటూ పోవడం కాదు. ముగ్గురిలో ఇద్దరిని ఇంటికి పంపడం.

ఇంత గందరగోళం ఎలా వచ్చిందో తెలియాలంటే కొంచెం వెనక్కి వెళ్లాలి. తొంభైల్లో మైక్రోసాఫ్ట్, ప్యాడ్ నొక్కులని ఆటకి చేర్చే డైరెక్ట్‌ఇన్‌పుట్ అనే పద్ధతి తెచ్చింది. దాని మనసు విశాలం. ప్యాడ్, జాయ్‌స్టిక్, స్టీరింగ్ చక్రం, ఏది తెచ్చినా కాదనదు. ఒక్క పరికరానికి 128 బటన్ల దాకా లెక్కపెట్టగలదు. కానీ ఏ బటన్ దేనికో దానికి పట్టదు. దానికి తెలిసింది బటన్ 1, బటన్ 2, అంతే. ఒక కంపెనీ ప్యాడ్‌లో బటన్ 1 కింద ఉంటే, ఇంకో కంపెనీ దాంట్లో పైన ఉండేది. కొత్త ఆట వేసిన ప్రతిసారీ అరగంట కూర్చుని ఏ బటన్ ఏమిటో నేర్పాల్సి వచ్చేది. మధ్యలో ఎర్రలైటు వెలిగే "ఎనలాగ్" బటన్ ఉన్న మూడొందల రూపాయల యూఎస్‌బీ ప్యాడ్‌తో ఆడినవాళ్లకి ఈ బాధ గుర్తుండే ఉంటుంది. ఆ లైటు ఆరితే స్టిక్కులు తిన్నగా పనిచేసేవి కావు.

2005లో ఎక్స్‌బాక్స్ 360 ఆటల యంత్రంతో పాటు ఎక్స్‌ఇన్‌పుట్ అనే కొత్త పద్ధతి వచ్చింది. ఇది పూర్తిగా తిరగేసిన ఆలోచన. ప్యాడంటే ఇలాగే ఉండాలి అని గీత గీసేసింది. రెండు స్టిక్కులు, చూపుడువేలితో లాగే రెండు ట్రిగ్గర్లు, ఎ, బి, ఎక్స్, వై, నాలుగు దిక్కుల డి-ప్యాడ్ ఒకటి, ఇంకో ఆరు బటన్లు. ఒకేసారి నాలుగు ప్యాడ్లకి మించి లేదు. ఆటలు రాసేవాళ్లకి ప్రాణం లేచివచ్చింది. ఆడేవాళ్లకీ అంతే, ప్యాడ్ గుచ్చితే చాలు, ఆట నడిచిపోయేది. ఆ సుఖాన్ని తక్కువ చేసి మాట్లాడను.

కానీ ఆ గీత గీసి ఇరవై ఏళ్లు దాటింది. ప్యాడ్లు మారాయి, గీత మారలేదు. ప్లేస్టేషన్ ప్యాడ్‌లో టచ్‌ప్యాడ్ ఉంది, చేతిని తిప్పితే పసిగట్టే జైరో ఉంది. ఎక్స్‌ఇన్‌పుట్‌లో వాటికి గది లేదు. ఈమధ్య రెండు మూడు వేలకి దొరికే ప్యాడ్లకి కూడా వెనక వైపు రెండు బటన్లు పెడుతున్నారు. ప్రకటనల్లో వాటిని గొప్పగా చూపిస్తారు. ఎక్స్‌బాక్స్ వేషంలో ఉన్నంతసేపూ ఆ రెండూ ముందున్న ఏదో ఒక బటన్‌కి నకళ్లు మాత్రమే, కొత్త పని ఒక్కటీ చేయలేవు. మైక్రోసాఫ్ట్ ఇప్పుడు గేమ్‌ఇన్‌పుట్ అనే వారసుణ్ణి తెచ్చింది గానీ, ఇప్పటికే మార్కెట్‌లో ఉన్న వేల ఆటలు పాత గీత లోపలే ఉన్నాయి.

ఆ గీత దాటించే పని అసలైతే విండోస్‌ది. నెత్తిన వేసుకున్నది మాత్రం బయటివాళ్లు. అభిమానులు రాసిన డీఎస్4విండోస్ లాంటి ప్రోగ్రామ్‌లు ఒక దారి. వాటికి ఆధారం విజెమ్‌బస్ అనే డ్రైవర్, లేని ఎక్స్‌బాక్స్ ప్యాడ్‌ని ఉన్నట్టు నమ్మించేది అదే. 2023లో దాని అభివృద్ధి ఆపేశారు. ఉన్నది ఇంకా పనిచేస్తోంది గానీ, ఇన్ని లక్షల కోట్ల పరిశ్రమ ఇలాంటి ఉచిత డ్రైవర్ మీద ఆనుకుని ఉందంటే నాకు కొంచెం టెన్షన్‌గానే ఉంటుంది.

రెండో దారి స్టీమ్. స్టీమ్‌ని నడిపే వాల్వ్ కంపెనీ 2015లో కుడి స్టిక్ స్థానంలో టచ్‌ప్యాడ్ పెట్టి ఒక విచిత్రమైన ప్యాడ్ తెచ్చింది. జనం పెద్దగా కొనలేదు, 2019లో ఆపేశారు. దాని కోసం రాసిన సాఫ్ట్‌వేర్ మాత్రం బతికింది. 2016 చివర్లో ప్లేస్టేషన్ 4 ప్యాడ్లకీ, తర్వాత మిగతావాటికీ పాకింది, చేతిలో పట్టుకుని ఆడుకునేలా 2022లో వచ్చిన స్టీమ్ డెక్‌కి వెన్నెముక అయింది. స్టీమ్ ఇన్‌పుట్ అంటే అదే. బటన్‌ని ఒకసారి నొక్కితే ఒక పని, పట్టుకుంటే ఇంకో పని చేయించవచ్చు. జైరోని మౌస్‌లా వాడవచ్చు. ఒక్కో ఆటకి ఒక్కో అమరిక దాచుకోవచ్చు. ఎవరో అపరిచితుడు కూర్చుని చేసిన అమరికని ఒక్క నొక్కుతో తెచ్చుకోవచ్చు కూడా.

స్టీమ్‌లో కొన్న ఆటలైతే పెత్తనం దానికే ఇవ్వమంటాను, మిగతా రెండూ మూసేయాలి. ఒక మినహాయింపు ఉంది. ప్లేస్టేషన్ 5 ప్యాడ్‌లోని బిగుసుకునే ట్రిగ్గర్లని నేరుగా వాడుకునే పీసీ ఆటలు కొన్నున్నాయి. వాటిలో చాలావాటికి కేబుల్ గుచ్చాలి. ఆట ప్రాపర్టీస్‌లో కంట్రోలర్ పేజీకి వెళ్లి, ఆ ఒక్క ఆటకి స్టీమ్ ఇన్‌పుట్ తీసేయాల్సి రావచ్చు. జైరోతో గురిపెట్టాలనుకునేవాళ్లకి ఇంకో చిక్కు కాచుకుని ఉంటుంది. స్టిక్‌ని ప్యాడ్‌గా, జైరోని మౌస్‌గా పంపితే కొన్ని ఆటలు తికమకపడతాయి. స్క్రీన్ మీద బటన్ బొమ్మలు ఒక క్షణం ప్యాడ్‌వి, మరుక్షణం కీబోర్డువి, పెళ్లి పందిరి సీరియల్ లైట్లలా మారుతూ ఉంటాయి. ఆట రాసినవాళ్లు ఆ రెండూ కలిసి రావచ్చని ఊహించనే లేదు. అక్కడ మన చేతిలో ఏమీ లేదు.

పెత్తందార్లు ఎక్కువైతే ఏమవుతుందో బాగా బయటపడేది డెడ్‌జోన్ దగ్గర. స్టిక్ మీద నుంచి వేలు తీసేసినా అది కచ్చితంగా నడిమధ్యకి రాదు, వెంట్రుకవాసి అటో ఇటో ఆగుతుంది. ఆ చిన్న తేడాని ఆట పట్టించుకోకుండా మధ్యలో కొంత మేర వదిలేస్తారు. అదే డెడ్‌జోన్. ఎక్స్‌ఇన్‌పుట్‌లో స్టిక్ ఒక్కో దిక్కుకి సుమారు 32,767 దాకా అంకెలు పంపుతుంది. ఆటలు రాసేవాళ్లకి మైక్రోసాఫ్ట్ ఇచ్చిన డెడ్‌జోన్ అంకెలు ఎడమ స్టిక్‌కి 7,849, కుడి స్టిక్‌కి 8,689. శాతాల్లో చెబితే 24, ఇరవై ఆరున్నర. దాదాపు పావు వంతు స్టిక్ చెత్తబుట్టలోకే. పాత స్కూటర్ బ్రేకులాగ, కొంత దూరం తొక్కేదాకా ఏమీ పట్టదు.

ఆట అంత డెడ్‌జోన్ పెట్టుకుని ఉండగా, మనం వీడియో చూసి స్టీమ్‌లో ఇంకో 10 శాతం పెట్టామనుకోండి. స్టీమ్ మొదటి 10 శాతం కోసేసి, మిగిలిన 90ని మళ్లీ సున్నా నుంచి సాగదీసి ఆటకి పంపుతుంది. ఆట అందులో 24 శాతం కోస్తుంది. లెక్క కడితే, వేలితో స్టిక్‌ని దాదాపు 32 శాతం నెట్టేదాకా ఆటలో చీమ కూడా కదలదు. అప్పుడు "ప్యాడ్ మొద్దుబారింది" అంటాం. సెన్సిటివిటీ పెంచుతాం. ఇప్పుడు కదలడం మొదలైతే ఒక్కసారిగా ఉరుకుతుంది. గురి కుదరదు. ప్యాడ్‌ని తిట్టుకుంటాం.

డెడ్‌జోన్ వరకూ మాత్రం పెత్తనం వీలైతే ఆటకే ఇస్తాను. నేను చేసేదైతే ఇది. ఆటలో డెడ్‌జోన్ మార్చుకోనిస్తే స్టీమ్‌లోది సున్నా చేస్తాను. ఆటలోది కూడా సున్నాకి తెచ్చి, శత్రువులు లేని చోట నిలబడి, వేలు తీసేసి కెమెరాని చూస్తాను. పాకుతోందా? ఒక్కో అంకె పెంచుకుంటూ పోయి, ఆగిన చోట ఆపుతాను. అక్కడితో అయిపోలేదు. స్టిక్‌ని ఒక పక్కకి లాగి టక్కున వదలాలి, నాలుగు దిక్కులా, పది సార్లు. వదిలిన ప్రతిసారీ అది ఒకే చోట ఆగదు. ఏదో ఒక దిక్కు నుంచి వచ్చినప్పుడు మళ్లీ పాకుతుంది. దానికి తగ్గట్టు ఇంకొంచెం పెంచాలి. మంచి స్టిక్ అయితే ఐదు, ఆరు దగ్గర తేలిపోతుంది. ఆట తన డెడ్‌జోన్‌ని మార్చుకోనివ్వకపోతే, దాన్ని ఒక్క అంగలో దాటించే యాంటీ-డెడ్‌జోన్ అనే మీట స్టీమ్‌లో ఉంది. పేరు భయపెడుతుంది గానీ, పని చాలా సులువు.

డెడ్‌జోన్‌కి ఆకారం కూడా ఉంటుంది. గుండ్రంగా ఉంటే అన్ని వైపులా ఒకే తీరు. శిలువ ఆకారంలో ఉంటే, కొంచెం వాలుగా కదిలిద్దామన్నా పట్టాల మీద పడ్డట్టు తిన్నగా పోతుంది. కార్ల పందేనికి శిలువ మేలు చేయవచ్చు, గురిపెట్టే ఆటకి గుండ్రమే సరి. ట్రిగ్గర్లదీ అలాంటి కథే. తుపాకీకి తాకితే పేలాలి, కారు బ్రేకుకి ఆసాంతం నొక్కే దూరం కావాలి. ఒకే అమరికతో రెండూ నడవవు.

కొన్నాళ్లకి డెడ్‌జోన్ పదిహేను, ఇరవై అంటూ పెంచాల్సి వస్తోందంటే మాత్రం సెట్టింగ్స్ పని అయిపోయినట్టే, స్టిక్ అరిగింది. మామూలు స్టిక్ లోపల కార్బన్ పూత మీద ఒక లోహపు ముక్క రాసుకుంటూ తిరుగుతుంది. రాసుకున్నది అరగక మానదు. దీనికి మందు లేకపోలేదు. అయస్కాంతం స్థానాన్ని, ఏదీ దేన్నీ తాకకుండానే, పసిగట్టే హాల్ ఎఫెక్ట్‌ని ఎడ్విన్ హాల్ కనిపెట్టింది 1879లో. సెగా కంపెనీ 1998లోనే తన డ్రీమ్‌కాస్ట్ ప్యాడ్‌లో దాన్ని వాడింది. ఇప్పుడు రెండు, మూడు వేల చైనా ప్యాడ్లలోనూ ఆ స్టిక్కులు దొరుకుతున్నాయి. ఐదారు వేలు పెట్టి కొనే సోనీ, మైక్రోసాఫ్ట్‌ల మామూలు ప్యాడ్లు మాత్రం రాసుకునే స్టిక్కులనే పట్టుకుని వేలాడుతున్నాయి. ఖర్చు ఆదా అనుకుందామంటే, సగం ధరకి అమ్మేవాడికి అదెలా కుదిరింది? అరిగితే మళ్లీ కొంటారులే అన్న ధీమా తప్ప నాకు వేరే కారణం కనిపించడం లేదు.

నా కోపంలో పెద్ద వాటా మాత్రం ఆట కంపెనీలది. కీబోర్డు మీద ప్రతి కీ మార్చుకోనిచ్చే ఆట, ప్యాడ్ దగ్గరికొచ్చేసరికి "టైప్ ఎ, టైప్ బి" అని రెండు బొమ్మలు చూపించి ఊరుకుంటుంది. ఎడమచేతివాటం వాళ్లు, బొటనవేలు సరిగా వంగనివాళ్లు, బటన్‌ని అదేపనిగా పట్టుకోలేనివాళ్లు ఆ రెండు బొమ్మల్లో ఎక్కడ ఇమడాలి? 2018లో మైక్రోసాఫ్టే వికలాంగుల కోసం ఎక్స్‌బాక్స్ అడాప్టివ్ కంట్రోలర్ తెచ్చింది. వెనక 19 రంధ్రాలు. పాదంతో తొక్కే మీట, మోచేత్తో నొక్కే బటన్, ఎవరికి ఏది వీలైతే అది గుచ్చుకోవచ్చు. పరికరం చేసినవాళ్లు అంత దూరం ఆలోచించారు. ఆట చేసినవాళ్లు బటన్ మార్చుకునే ఒక్క పేజీ పెట్టలేకపోతున్నారు. స్టీమ్ చూసుకుంటుందిలే అన్న బద్ధకం ఇది. స్టీమ్‌లో కొననివాళ్ల సంగతి?

మేనల్లుడి విషయానికొస్తే, డీఎస్4విండోస్ తీసేయించాను. స్టీమ్‌ని ఉంచాను. వాడి జాబితాలో ఇప్పుడు ఒక్క ప్యాడే ఉంది, మెనూ ఒక్కో గడే దిగుతోంది, వాళ్లమ్మకి డబ్బులు మిగిలాయి. సాయంత్రం మళ్లీ మెసేజ్. ఫోటో పెట్టాడు. స్క్రీన్ మీద ఆకుపచ్చ గుండ్రంలో "ఎ" అని ఉంది.

"మామయ్యా, ఎ నొక్కమంటోంది. నా ప్యాడ్‌లో ఎ లేదు."

"ఇంటూ గుర్తుంది చూడు, కింద. అదే."

"మరి ఇంటూ అనే చూపించొచ్చు కదా?"

చూపించొచ్చురా.